మూడడుగుల సందు

జనవరి 11

తమ్ముడికి,

నీ దగ్గర్నుంచి ఉత్తరం వచ్చి రెండు నెలలు దాటింది. పనిలో పడి ఉంటావని సరిపెట్టుకున్నాను. ఫోన్ చెయ్యలేదని ఏం అనుకోను. చేసినా నాకు అందులో గాలి తప్ప మాట వినపడదు. కొత్త చెవి మిషను తీసుకున్నాను. ఒక్కళ్ళు ఎదురుగా నిలబడి నిదానంగా మాట్లాడితే బాగానే పనిచేస్తుంది. ముగ్గురు చేరారంటే చేపల మార్కెట్టే.

అసలు సంగతికి వస్తాను. పక్కింటి కంపౌండరు గారు మొన్న మన రెండిళ్ళ మధ్య సందులో తాడు కట్టించి సున్నం గీత గీయించాడు. ఎక్కడనుకున్నావు? మన గోడని ఆనుకుని! సందు మొత్తం ఆయనదేనట. అక్కడ గది కట్టుకుంటాడట. నేను బైండింగ్ చేసిన పుస్తకాలు జిగురు ఆరడానికి ఎండబెట్టుకునే సందురా అది. నాన్న కూడా అక్కడే ఎండబెట్టేవాడు.

"ఇదేంటండీ?" అంటే, "కాగితాలు చూసుకోండమ్మా" అన్నాడు. లోపలికెళ్ళి నీ స్కెచ్చు తెచ్చి ఆయన ముక్కు కింద పెట్టాను. నువ్వు సర్వే ట్రైనింగులో ఉండగా సెలవులకొచ్చి, నాన్న అడిగితే ఇల్లంతా టేపుతో కొలిచి గీశావే, అదే. నాన్న దానికి గుడ్డ అట్ట వేసి దాచాడు. ఇరవై నాలుగేళ్ళయినా గీత చెదరలేదు. తూర్పున హద్దురాయి, సందు మన లోపల, కింద నీ సంతకం. ఆయన అటూ ఇటూ తిప్పి చూసి, "తమ్ముడు గీసిస్తే సరిపోతుందా?" అన్నాడు. నన్ను ఇంకేమన్నా పడేదాన్ని.

మర్నాడే ప్లీడరు గారిని కలిశాను. దావా వేస్తున్నాం.

కంపౌండరు గారి భార్యతో నాకు పదహారేళ్ళ స్నేహమని నీకు తెలుసు. సాయంత్రం పని కట్టేసి నేనిటు కుళాయి గట్టు మీద, ఆవిడ అటు మెట్ల మీద కూర్చునేవాళ్ళం. నాతో ఎలా మాట్లాడాలో ఆవిడకి తెలుసు. అరవదు. పెదాలు స్పష్టంగా కదిలిస్తుంది. గీత పడిన రోజు నుంచి నేను మాట్లాడ్డం మానేశాను. సాయంత్రాలు ఏం చెయ్యాలో తోచడం లేదు. ఉత్తరం ఇంత పొడుగు కావడానికి కారణం అదే.

నీ అక్క


జనవరి 29

అక్కకి,

నీ ఉత్తరం పాత చిరునామాకి వెళ్ళి, అక్కడి నుంచి నన్ను వెతుక్కుంటూ వచ్చింది. ఇప్పుడు టైర్ల షాపు మీద గదిలో ఉంటున్నాను. ఉద్యోగంలో చేరాక ఇది పద్నాలుగోది. ఒక మంచం, ఒక కిటికీ, మూలన కొలత మిషను. బట్టలన్నీ రబ్బరు వాసన.

ఇక్కడ రోడ్డు వెడల్పు చేస్తున్నారు. ఇరువైపులా స్థలాలు కొలవడం నా పని. ఇటువాళ్ళ టీ తాగితే అటువాళ్ళకి అనుమానం, అటువాళ్ళ మంచినీళ్ళు తాగితే ఇటువాళ్ళకి కోపం. అందుకని ఫ్లాస్కు నేనే మోసుకెళ్తాను. పొద్దున్నుంచి సాయంత్రం దాకా నాతో అందరూ మాట్లాడతారు, ఒక్కరూ మాట్లాడరు. నేనేమంటున్నానో నీకు అర్థమవుతుందిలే.

మూడడుగుల సందుకి కోర్టు దేనికక్కా? వాయిదాల చుట్టూ తిరిగి తిరిగి గీత దగ్గరే ముసలివాళ్ళయిపోయినవాళ్ళని రోజూ చూస్తున్నాను. ఆయన గది ఆయన కట్టుకుంటాడు. వదిలెయ్.

ఒక పని చెయ్యి. మన ఇంటి దస్తావేజు నకలు తీయించి పంపు. హద్దురాయి తలమీద గుర్తేమైనా చెక్కి ఉందేమో చూసి చెప్పు. ఎందుకని ఇప్పుడే అడగకు.

చెవి మిషను బ్యాటరీలు రెండు మూడు ఎక్కువ కొనిపెట్టుకో.

ఉంటాను,
తమ్ముడు


ఫిబ్రవరి 17

ఒరేయ్,

"వదిలెయ్" అని ఎంత తేలిగ్గా రాశావురా! సగం జీవితం రోడ్డు మీద గడిపేవాడివి, నీకేం. నాకున్నది ఈ రెండు గదులూ, ఆ సందూ.

దస్తావేజు నకలు ఎందుకు? నాకు తోచక ప్లీడరు గారిని అడిగాను. ఆయన కళ్ళజోడు తీసి, "మీ తమ్ముడికి ఇంట్లో వాటా ఉందామ్మా?" అని కాగితం మీద రాసి చూపించాడు. అప్పుడు వెలిగింది నాకు. వాటా కావాలంటే సూటిగా అడుగు. నేను కాదన్నానా? నాన్నని చూసుకుంది నేనే అని ఎప్పుడైనా ఎత్తిపొడిచానా? నకలు పంపడం లేదు. వచ్చి అడిగితే అసలే చేతిలో పెడతాను.

నీ రాయి తలమీద ఏ గుర్తూ లేదు. అద్దంలా నున్నగా ఉంది. ఇరవై నాలుగేళ్ళు ఎండకీ వానకీ ఉన్న రాయి మీద గుర్తేం మిగులుతుంది?

కోర్టు వాళ్ళు పని ఆపమని ఆర్డరు ఇచ్చారు. కంపౌండరు తెప్పించిన ఇటుకలు సందులో అలాగే పడి ఉన్నాయి. పుస్తకాలు ఎండబెట్టుకోవడానికి నాకూ చోటు లేదు. నవ్వొచ్చే సంగతి ఒకటి చెప్పనా? కోర్టులో దావాలు ఎక్కించే రిజిస్టరు నేను కుట్టిందే. దబ్బనం గుచ్చుకున్న రక్తపు చుక్క రెండో అట్ట లోపల ఇంకా ఉంది. నా దావా నంబరు అందులోనే ఎక్కింది.

మందుల షాపులో ఒక మాట తెలిసింది. కంపౌండరు భార్య మెట్ల మీద జారిపడి తుంటి విరగ్గొట్టుకుందట. గీత పడడానికి వారం ముందేనట; ఆ వారం సాయంత్రాలు మెట్ల మీదికి రాకపోతే చలికనుకున్నాను. ఆ గది ఆవిడ కోసమేనట, మేడ ఎక్కి దిగలేదని. నాకు ముందే ఎందుకు చెప్పలేదు? చెప్పాడేమో, నాకు వినపడలేదేమో. నిన్న పై కిటికీలోంచి ఆవిడ నాకేసి చెయ్యెత్తింది. నేను తల దించుకుని దారం ఎక్కించుకున్నాను. సూది బెజ్జం ఎంతసేపటికీ కనపడలేదు.

అక్క


మార్చి 8

అక్కకి,

ఆ ఇంట్లో నాకు ఇటుక ముక్క కూడా వద్దని నాన్న పోయినప్పుడే చెప్పాను. నువ్వు అప్పుడు ఏడుస్తున్నావు. విన్నావో లేదో నాకు తెలియదు. ఇప్పుడు రాసిస్తున్నాను: వద్దు. ఈ కాగితం ప్లీడరు గారికి చూపించుకో.

జ్వరం వచ్చి తొమ్మిది రోజులు మంచం మీదే ఉన్నాను. కింద షాపు ఆయన రెండుసార్లు బ్రెడ్డు పంపించాడు. కంగారు పడకు, తగ్గింది.

నా స్కెచ్చు కోర్టులో పెట్టకు. నీ కాళ్ళు పట్టుకుంటాను. కారణం ఎదురుగా కూర్చుని చెప్పాల్సింది. కాగితం మీద పెట్టడం నా వల్ల కావడం లేదు.

పక్కావిడని ఒకసారి చూసిరా.

తమ్ముడు


ఏప్రిల్ 2

తమ్ముడికి,

జ్వరం సంగతి తగ్గాక రాయడమేంటి? సరే, ఒంట్లో ఎలా ఉందో రాయి.

స్కెచ్చు ఎప్పుడో కోర్టులో పెట్టేశారు. నీ భయం నాకు తెలియదనుకోకు. సొంత ఇంటికి గీసిచ్చావని ఆఫీసులో మాటొస్తుందని, ఉద్యోగానికి చుట్టుకుంటుందని. అవునా? సరే, నీ ఉద్యోగం నీకు ముఖ్యమే. కానీ గీసిన చెయ్యి నీదేగా.

కోర్టు పంపిన కమీషనరు మొన్న కొలతకి వచ్చాడు. ఆయనా, ఆయన సర్వేయరూ, ఇద్దరు ప్లీడర్లూ, కంపౌండరూ. అందరూ ఒకేసారి మాట్లాడారు. చెవిలో రొద తప్ప ఇంకేం లేదు. గొడుగు పట్టుకుని నా ఇంటి ముందు నేనే చుట్టంలా నిలబడ్డాను. ఎవరు చెయ్యి చూపిస్తే అటు చూశాను. ఏం అడిగారో తెలియకుండానే రెండుసార్లు తలూపాను.

హద్దురాయి ఏదంటే నీ రాయి చూపించాను. సర్వేయరు దాన్ని చేత్తో తడిమి, లేచి, మన గోడ వారగా వెళ్ళి కుళాయి గట్టు పగలగొట్టించాడు. నేను అరిచాను. ఎవరికీ పట్టలేదు. గట్టు కింద జానెడు లోతున ఒక రాయి బయటపడింది. తలమీద ఇంటూ గుర్తు ఉంది. నాకేసి చూసి కంపౌండరు ఏదో అన్నాడు, పెదాలు సరిగ్గా కదల్లేదు. ఆ రాయి ఆయనే రాత్రికి రాత్రి పాతించి ఉంటాడని నా అనుమానం. ప్లీడరు గారితో అంటే ఆయన కిటికీలోంచి బయటికి చూశాడు.

జూన్ పద్నాలుగున వాయిదా. నీకు సమన్లు వస్తాయి. స్కెచ్చు గీసినవాడివి కాబట్టి నువ్వొచ్చి చెప్పాలట. మూడు మాటలు చెప్తే చాలు: గీసింది నేనే, కొలిచింది నేనే, సరైందే. ఇంటికి సున్నం వేయిస్తాను. ఆరేళ్ళయింది నువ్వు వచ్చి.

అక్క


ఏప్రిల్ 20

అక్కకి,

రాత్రికి రాత్రి గట్టు కింద రాయి ఎవడూ పాతలేడు. ఆ ఇంటూ గుర్తు ఈ స్థలాలు మొదటిసారి కొలిచినప్పుడు చెక్కింది. అదే హద్దురాయి. నేను చూపించింది కాదు.

ఇప్పుడు చెప్పకపోతే ఇంకెప్పటికీ చెప్పలేను, కాబట్టి విను. ఆ సెలవులకి వచ్చేటప్పటికి నాకు ట్రైనింగు మొదలై నాలుగు నెలలు. టేపు పట్టుకోవడం వచ్చింది, గీతలు గీయడం వచ్చింది, తలకి పొగరూ వచ్చింది. నాన్న "మనిల్లు కొలవరా" అంటే గాల్లో తేలిపోయాను. తూర్పున హద్దురాయి కోసం చూశాను. కుళాయి గట్టు అప్పటికే కట్టేసి ఉంది. మూడడుగుల అవతల భూమిలో పాతిన రాయి కనపడింది. చిన్నప్పట్నుంచీ హాస్టళ్ళలో పెరిగినవాణ్ణి, అదే అనుకున్నాను. నాన్న పక్కనే నిలబడి టేపు రెండో కొస పట్టుకున్నాడు. ఏమీ అనలేదు.

ఇంకో ఏడాదికి మాకు అసలు హద్దురాయి అంటే ఏంటో, గుర్తు ఎలా ఉంటుందో చూపించారు. అప్పుడే తెలిసింది నాకు. మన ఇంటి రాయి కత్తులు నూరుకునే రాయి. నూరి నూరి నున్నగా అయింది. ఇంటికి రాద్దామనుకున్నాను. అప్పటికే నాన్న ఆ స్కెచ్చుకి అట్ట వేసి వచ్చినవాళ్ళందరికీ చూపిస్తున్నాడని నువ్వు రాశావు. రాయలేకపోయాను. నాన్న పోయాక ఇంక ఎవరికి చెప్పాలి అనుకున్నాను. దస్తావేజు అడిగింది వాటా కోసం కాదు, నా తప్పు ఎంతో లెక్క కట్టుకుందామని.

ఆరేళ్ళుగా రాకపోవడానికి కూడా కారణం ఇదేనేమో. గుమ్మంలో అడుగు పెట్టగానే సందులో ఆ రాయి కనపడుతుంది.

పద్నాలుగున వస్తాను. నువ్వు చెప్పమన్న మూడు మాటల్లో రెండు చెప్తాను. మూడోది చెప్పలేను. నీ సాక్షిగా వచ్చి నీ దావా నేనే పోగొడతాను. ముందే తెలియాలని రాస్తున్నాను. తిట్టాలనుంటే తిట్టు, కానీ జవాబు రాయి.

తమ్ముడు


జూన్ 16

అక్కకి,

నువ్వు జవాబు రాయలేదు. అయినా వచ్చాను.

బోనులో నిలబడి నేను చెప్తున్నంతసేపూ నువ్వు నా మొహంకేసే చూశావు. కళ్ళు తిప్పలేదు. జడ్జి గారు "మరి ఇన్నేళ్ళు ఎందుకు చెప్పలేదు?" అని అడిగారు. "భయం వేసిందండీ" అన్నాను. నలభై ఆరేళ్ళవాణ్ణి, అందరి ముందూ అలా అన్నాను. ఎవరో నవ్వారు.

బయట వరండాలో నిన్ను పిలిచాను. మూడుసార్లు పిలిచాను. నువ్వు మెట్లు దిగుతున్నావు. గొడుగు విప్పావు. వెనక్కి తిరగలేదు. ఇంతకన్నా ఏం చెప్తావు నువ్వు మాత్రం. నీకూ ఒక హక్కుంది.

స్తంభం పక్కన కాసేపు నిలబడి, బస్సెక్కి వచ్చేశాను. సంచిలో నీకని తెచ్చిన బ్యాటరీల పెట్టె అలాగే ఉంది. పార్సిలు చేస్తున్నాను.

తమ్ముడు


జూన్ 24

ఒరే తమ్ముడూ,

ముందు ఇది చదువు. కోర్టులో ఫ్యాన్ల చప్పుడుకి చెవిలో రంపం పెట్టి కోసినట్టుంటే మిషను తీసి సంచిలో వేసుకున్నాను. నువ్వు పిలిచింది నాకు వినపడలేదు. బోనులో చెప్పింది కూడా ఒక్క ముక్క వినపడలేదురా. నీ నోరు చూస్తూ కూర్చున్నాను. ఏం చెప్తావో ఉత్తరంలో రాశావుగా, దానితో కలిపి చదువుకున్నాను. జుట్టు ఎంత తెల్లబడిందో అనుకున్నాను.

నువ్వు తిన్నగా ఇంటికే వస్తావని, వంట పని ఉందని గబగబా వచ్చేశాను. రెండు కంచాలు పెట్టాను. తలుపు కొడితే నాకు వినపడదని బార్లా తీసి గుమ్మంలో కూర్చున్నాను. లైట్లు వేసే వేళ దాకా చూశాను. నన్ను ఓడించి మొహం చెల్లక వెళ్ళిపోయావనుకున్నాను. నువ్వేమో నేను మొహం తిప్పుకున్నాననుకున్నావు. పెట్టిందంతా మర్నాడు ఒక్కదాన్నే తిన్నాను.

జవాబు ఎందుకు రాయలేదంటే, రాస్తే నువ్వు ఆగిపోతావేమోనని. నేను "వద్దు" అంటే వింటావు. వినకూడదనే రాయలేదు.

ఇప్పుడు నా వంతు. ఆ రాయి మీద నాన్న కత్తి నూరుతుంటే నీళ్ళు పోసింది నేను. పదేళ్ళ పిల్లనప్పటి నుంచీ పోశాను. అది ఏం రాయో నాకు తెలియదా? నువ్వు కొలిచిన రోజు నాన్నతో అన్నాను కూడా, "అది మన నూరుడు రాయి కదా" అని. "వాడు ఎంత ముచ్చటగా గీస్తున్నాడో చూడు. ఇప్పుడు తప్పంటే మళ్ళీ టేపు ముట్టుకోడు. సందు ఎవడిక్కావాలి, ఊరుకో" అన్నాడు. ఊరుకున్నాను. ఊరుకుని ఊరుకుని, అదే నిజమనుకోవడం మొదలుపెట్టాను. కంపౌండరు వచ్చి నీ సంతకాన్ని కాదనేసరికి, ఈ ఊళ్ళో నా పక్కన నిలబడే మనిషి ఆ కాగితం ఒక్కటే అనిపించింది. దాన్ని వదిలేస్తే ఇంకెవరున్నారు నాకు? ఇదీ నా దావా.

ప్లీడరు గారితో చెప్పి దావా వెనక్కి తీసుకుంటున్నాను. ఆయన మొహం కొంచెం తేలిక పడింది.

ఇంకో సంగతి ఉంది. కోర్టు మెట్ల దగ్గర కంపౌండరు గారు నాతో ఏదో చెప్పారు. అలవాటుగా తలూపాను. ఇంటికొచ్చి చూస్తే వాళ్ళ తలుపుకి తాళం. ప్లీడరు గారి గుమస్తా కాగితం మీద రాసి చెప్పాడు: గది ఆలస్యమవుతోందని ఆవిడని కూతురింటికి తీసుకెళ్ళిపోయారట. మేడ మీద ఆవిడ ఐదు నెలలు ఒక్క కిటికీ దగ్గరే ఉండిపోయిందిరా. నేను కింద తల దించుకుని దారం ఎక్కించుకుంటూ ఉన్నాను.

రా. సున్నం వేయించాను.

అక్క


జులై 5

అక్కకి,

శనివారం మధ్యాహ్నం బస్సుకి వస్తున్నాను. రెండు రోజుల సెలవు దొరికింది. తలుపు తీసి ఉంచు. వంట ఎక్కువ చెయ్యకు. ఏదైనా తింటాను.

తమ్ముడు


ఆగస్టు 19

తమ్ముడికి,

చేరినట్టు రాసిన కార్డు అందింది. బదిలీ అంటున్నావు. పదిహేనో గది ఎక్కడో తెలియగానే చిరునామా పంపు. ఈసారి ఉత్తరం నిన్ను వెతుక్కోకుండా తిన్నగా రావాలి.

ఎదురుగా కూర్చుని కూడా మనం ఉత్తరాలే రాసుకున్నాం చూశావా. నేను మాట్లాడ్డం, నువ్వు అట్ట ముక్కల మీద రాయడం. ఊడ్చినప్పుడు అన్నీ ఏరి పెట్టాను. ఒకదాని మీద "ఉప్పు" అని మాత్రమే ఉంది. పారెయ్యబుద్ధి కాలేదు.

నువ్వు వెళ్ళేముందు సందు కొలిచావు కదా, నేను టేపు కొస పట్టుకుంటే. గీసిచ్చిన కొత్త స్కెచ్చు సంగతి చెప్తాను. దాన్ని అట్ట వేసి దాచలేదు. కవరులో పెట్టి కంపౌండరు గారి కూతురింటికి పంపించాను. చిరునామా గుమస్తా సంపాదించి ఇచ్చాడు. దానితో పాటు ఆవిడకి ఉత్తరం రాయాలనుకున్నాను. నాలుగు కాగితాలు చింపాను. నీకైతే పేజీలకి పేజీలు రాస్తాను. ఆవిడకి ఏం రాయాలో చేతకాలేదు. రోజూ సాయంత్రం ఏం మాట్లాడుకునేవాళ్ళమో ఒక్క మాట గుర్తురాలేదు, ఎప్పుడూ అవీ ఇవీనే. చివరికి ఇంతే రాశాను:

"సందు మీదే. నాకు ముందు నుంచీ తెలుసు. గది కట్టించుకోండి. వచ్చి ఉండండి. గోడ తడపడానికి నీళ్ళు నేను పడతాను."

పోస్టు చేసి పదకొండు రోజులైంది. ఇటుకల మధ్య గడ్డి మొలిచింది. ఇటుకల మీద పరుచుకున్నా అడిగేవాళ్ళు లేరు, అయినా పుస్తకాలు అక్కడ పెట్టడం లేదు. ఇంట్లోనే తాడు కట్టి ఆరబెడుతున్నాను. నాలుగు రోజులు పడుతోంది. పట్టనీ.

పదకొండు గంటలకి పోస్టుమాన్ మన వీధిలోకి వస్తాడు. బెల్లు కొట్టినా నాకు తెలియదని, ఆ టైముకి పని బల్ల గుమ్మంలోకి జరుపుకుంటున్నాను. రోజూ నన్ను చూసి దూరం నుంచే చెయ్యి అడ్డంగా ఊపుతాడు, లేదని. నేనూ ఊపుతాను, సరేనని. వాడు మలుపు తిరిగేదాకా చూసి, బల్ల లోపలికి జరుపుకుంటాను.

అక్క